నీటికీ గట్టుకీ నడుమ

మా ఎదురింటి మాస్టారు పోయారు. గోదావరికి ఎర్రనీరు తగిలిందని రేవులో చెప్పుకుంటున్న రోజు పొద్దున్నే, ఆయన భార్య మా గేటు దాకా వచ్చి, లోపలికి రాకుండా అక్కడే నిలబడి, "అమ్మాయ్, మీ మాస్టారు పలకట్లేదు, ఓసారొచ్చి చూస్తావా" అన్నారు. ఆవిడని నేను పిన్నిగారు అంటాను. చుట్టరికం ఏమీ లేదు, ఎదురెదురు ఇళ్ళ పిలుపు. ఆవిడ గొంతులో ఏడుపు లేదు. నేను వెళ్ళేసరికి ఆయన మంచం మీద ఎత్తుగా పేర్చిన దిళ్ళకి ఆనుకుని కూర్చునే ఉన్నారు. పడుకుంటే ఊపిరందక నెల్లాళ్ళుగా అలా కూర్చునే నిద్రపోతున్నారు. ముఖం కిటికీ వైపు ఉంది. ఆ కిటికీలోంచి కనపడేది ఒక్కటే, ఏటిగట్టు.

ఆయన పేరు రాయను. పేరు పడటం ఆయనకి ఇష్టం ఉండేది కాదు. మా ఊరి పేరు కూడా రాయను, రాస్తే జాతర కమిటీ వాళ్ళు నా గుమ్మంలోకి వస్తారు. మామిడికుదురు వైపు, వైనతేయ గట్టు కింద ఉన్న ఊళ్ళలో ఒకటనుకోండి చాలు. గట్టు కింద అని ఊరికే అనడం లేదు. మా వీధిలో నిలబడితే ఏరు కనపడదు. వరదల్లో గట్టెక్కి చూస్తే మాత్రం అటు నీళ్ళు పైన ఉంటాయి, ఇటు మా ఇళ్ళు కింద ఉంటాయి. కాపురానికి వచ్చిన దగ్గర్నుంచీ చూస్తున్నాను, ఇప్పటికీ గట్టెక్కితే ముందు మా ఇంటి కప్పు ఎక్కడుందో వెతుక్కుంటాను.

మాస్టారు పాలిటెక్నిక్‌లో సివిల్ పిల్లలకి పాఠాలు చెప్పి రిటైరయ్యారు. వెనకాల ఊరంతా ఆయన్ని ఫ్రీబోర్డు మాస్టారు అనేవారు. ఆ మాట మీలో చాలామంది విని ఉండరు. ఇంజనీర్ల మాట. కాలవకి గానీ, చెరువుకి గానీ, వరదగట్టుకి గానీ, నీళ్ళు నిండుగా వచ్చినప్పుడు ఆ మట్టం నుంచి గట్టు తల దాకా కావాలని వదిలిపెట్టే ఖాళీ ఎత్తుని ఫ్రీబోర్డు అంటారు. తెలుగులో దీనికి నోటికి పట్టే మాట దొరకలేదని ఆయనకి బాధగా ఉండేది. "పుస్తకాల్లో ఏదో పెట్టేరమ్మా, నోరు తిరగదు" అనేవారు. క్లాసులో బోర్డు మీద రెండే గీతలు గీసేవారట. కింది గీత నీళ్ళు, పై గీత గట్టు. మధ్యలో ఏముందిరా అని అడిగితే, ఏమీ లేదండి అనేవాళ్ళట పిల్లలు. "ఆయ్! ఆ ఏమీ లేనిదే మిమ్మల్ని కాసేది. అక్కడ చెయ్యి పెట్టకండి" అనేవారట.

ఆ మాటంటే ఆయనకి పిచ్చి. కొందరు స్టాంపులు పోగేసుకున్నట్టు, ఏ విద్యలో ఆ మాటని ఎలా వాడతారో పోగేసుకునేవారు. ముందు పడవల వాళ్ళ వాడకం చెప్పుకోవాలని ఆయన లెక్క. నావ అంచుకీ ఏటి నీళ్ళకీ మధ్య ఎంత మిగిలిందో చూసుకోవడం. మా రేవులో ఏరు దాటించే పంటు ఎక్కేముందు ఆయన ఒడ్డున వంగి, అంచు కింద నీళ్ళెక్కడున్నాయో చూసేవారు. మోటారు సైకిళ్ళూ, కొబ్బరికాయల బస్తాలూ, కాలేజీ పిల్లలూ ఎక్కేక అది బాగా దిగిపోతే, "నేను వచ్చే ట్రిప్పుకి వస్తానులెండి" అని వెనక్కి వచ్చేసేవారు. పంటు నడిపేవాళ్ళకి ఆయన్ని చూస్తే ఒళ్ళు మంట. "ఎక్కండి మాస్టారూ, ఇంతవరకూ ఎప్పుడన్నా మునిగిందా అండీ" అని వేళాకోళం చేసేవారు. ఆయన నవ్వేసి ఊరుకునేవారు. ఎక్కేవారు మాత్రం కాదు.

పాత శిష్యులు ఫోన్ చేస్తే, పిల్లలు బాగున్నారా అని అడిగిన వెంటనే ఇదే ప్రశ్న. మీ దగ్గర ఆ మాట వాడతారా? ఎలా వాడతారు? ఊక మండించే బాయిలర్ దగ్గర పనిచేసే ఒకాయన, మంట మీద వదిలే ఖాళీ గదిని ఆ పేరుతోనే పిలుస్తామని చెప్పాడు. కాలీ కాలని ఊక ఎగిరి, బయటికి పోకుండా ఆ ఖాళీలోంచి మళ్ళీ మంటలోకే పడుతుందట. గ్యాసు బావి తవ్వే రిగ్గు మీద ఉండే కుర్రాడు చెప్పింది మాస్టారు నాకు రెండుమూడుసార్లు చెప్పారు. బావిలోకి బురద పంపించి మళ్ళీ తొట్టెల్లోకి తెస్తారట, ఆ తొట్టెల్లో కూడా ఫ్రీబోర్డు చూస్తూ ఉంటారట. ఎవరూ ఏమీ పొయ్యకుండా ఆ ఖాళీ తగ్గిపోతోందంటే, కింద నుంచి గ్యాసు తోసుకొస్తోందని అర్థమట. "అప్పుడింక మాటల్లేవండి మాస్టారూ, అలారం మోగుతుందండి" అన్నాడట ఆ కుర్రాడు. అది చెప్పినప్పుడల్లా మాస్టారి గొంతు తగ్గిపోయేది. ధ్రువాల దగ్గర సముద్రం మీద తేలే మంచుకి కూడా ఈ మాటే వాడతారని ఎక్కడో చదివి, ఆ సాయంత్రం మా అరుగు మీదికి వచ్చి కూర్చున్నారు. నీళ్ళ పైకి తేలిన కాస్తంతనీ ఆకాశంలోంచి కొలిచి, కింద మునిగిన మందం ఎంతో చెబుతారట. "పైకి కనపడేది కొంచెమేనమ్మా. మునిగింది బోలెడు" అన్నారు, ఎవరినో తలుచుకుని భయపడినట్టు.

పిన్నిగారు ఇవన్నీ వినీ వినీ విసిగిపోయి ఉండేవారు. ఓసారి ఆవిడ పులుసు గిన్నె నిండా పోసి పొయ్యి మీద పెడితే ఆయన వంటింటి గుమ్మంలో నిలబడి గిన్నె అంచు వంక చూస్తున్నారు. "చూడండి, చూడండి. మీ ఫ్రీబోర్డు నా వంటింట్లోకి తెచ్చేరంటే గరిటె విసిరేస్తాను" అన్నారావిడ. నేను అక్కడే ఉన్నాను. ఆ మాట పూర్తయ్యేలోపే పులుసు పొంగి పొయ్యి ఆరిపోయింది. ఆయన గుడ్డ తెచ్చి తుడిచారు. పిన్నిగారికి ఆ తుడవడమే ఎక్కువ మండింది.

నేనూ తక్కువ తినలేదు. మా ఆయన రొయ్యల చెరువులు తవ్వించినప్పుడు మాస్టారు చూడ్డానికి వచ్చి, గట్లు ఇంకాస్త లేపమన్నారు. ఎంత నీళ్ళు పడితే అంత పంట అని మా ఆయన లెక్క, చెరువు అంచుకి నింపేశాడు. నేను కూడా మా ఆయన పక్షమే మాట్లాడాను. "అంత ఎత్తు ఖాళీగా వదిలేసుకుంటే మాకేం వస్తుందండీ మాస్టారూ?" అన్నాను. "ఏమీ రాదమ్మా. పోకుండా ఉంటుంది" అన్నారు. ఆ కార్తీకంలో తుపాను పట్టి వాన వదలకుండా కురిస్తే, చెరువు నీళ్ళు గట్టు మీంచి పల్చగా, అద్దంలా జారడం మొదలుపెట్టాయి. ఆ పల్చని నీటిలో మా రొయ్యలు వెళ్ళిపోతుంటే చేతులతో ఆపుదామని చూశాం. ఎక్కడాగుతాయి! జారిన చోటల్లా మట్టి మెత్తబడి, చూస్తుండగానే గట్టు కోసుకుపోయింది. మర్నాడు మాస్టారు వచ్చి గండి పడ్డ చోట నిలబడ్డారు. నేను చెప్పానా అని అనలేదు. మట్టిగట్టు మీంచి నీళ్ళు ఒక్కసారి పొర్లితే ఇంక దాన్ని ఎవరూ ఆపలేరని, ఏటిగట్టుకైనా అంతేనని అన్నారు. అప్పుడాయన చూపు చెరువు మీద లేదు, అవతల ఉన్న ఏటిగట్టు మీద ఉంది.

ఆ చూపు ఎటో నాకు తెలుసు. అమ్మవారి దారి వైపు.

ఇది మీకు చెప్పాలి. మా గ్రామదేవత జాతరలో గరగ ఏటికి వెళ్ళి స్నానం చేసి వస్తుంది. గరగ అంటే పసుపు కుంకాలతో, పూలతో సింగారించిన కుండ. అందులో అమ్మవారు ఉంటుందని మా నమ్మకం. దాన్ని తలకెత్తుకుని, డప్పులకి అడుగు వేస్తూ, చేత్తో పట్టుకోకుండా నడవాలి. తరతరాలుగా ఒకే ఇంటివాళ్ళు ఎత్తుతున్నారు. ఇప్పుడెత్తేది ఒక పెద్దాయన. కొన్నేళ్ళ కిందట గట్టు తల మీద ఆయన కాలు తొట్రుపడి గరగ ఒక పక్కకి ఒరిగింది. పడలేదు. కానీ ఊరు ఊరంతా ఉలిక్కిపడింది. ఆ ఏడు ఊళ్ళో ఇద్దరు ముగ్గురికి పెద్ద జబ్బులు చేస్తే, అంతా ఆ ఒరగడం మీదికే పోయింది. తరవాతి జాతరకి కమిటీ వాళ్ళు చందాలు వేసుకుని, ఆ చోట గట్టు తలని మూరెడు లోతు తీయించి, బండి పట్టేంత వెడల్పున చదును చేసి, ఇటూ అటూ నున్నగా సిమెంటు మెట్లు కట్టించారు. అమ్మవారికి ఇబ్బంది ఉండకూడదని చేసిన పని. ఎవరి మనసులోనూ చెడ్డ ఉద్దేశం లేదు. నేను కూడా చందా వేశాను.

మెట్లు చూడ్డానికి అందరూ వెళ్ళాం. కొబ్బరికాయలు కొట్టాం. మాస్టారు కూడా చెప్పులు విడిచి దణ్ణం పెట్టుకుని, మొదటి మెట్టు మీద కూర్చుండిపోయారు. "ఊరందరికీ ఉన్న ఎత్తు ఇక్కడ లేదు కదండీ. ఇంత పొడుగు గట్టూ ఇప్పుడు ఇంతే ఎత్తు" అని ఆ చదును మీద చెయ్యి వేసి చూపించారు. కమిటీ ప్రెసిడెంటు గారు మర్యాదస్తులు. "మరేనండి మాస్టారూ, వరదొస్తే ఇసుక మూటలు వేసేద్దామండి" అన్నారు. సిమెంటు మెట్టు మీద మూట కుదురుగా నిలవదని, కిందనుంచి నీరు జారుతుందని, బంకమట్టి పొరలు పొరలుగా కొట్టి, అది బిగుసుకోడానికి వ్యవధి ఇవ్వాలని మాస్టారు చెప్పారు. ప్రెసిడెంటు గారు విని, అమ్మవారి దారికి మట్టి పోసే మొనగాడు ఊళ్ళో ఎవరున్నారో మీరే చెప్పండి అన్నారు. అదీ నిజమే. ఎవరున్నారు? మాస్టారు అర్జీ పెడితే ఒక ఆఫీసరు గారు జీపులో వచ్చారు. మెట్ల మీద కుంకం, నిమ్మకాయలు, వేపమండలు చూసి, బూట్లు విప్పి దణ్ణం పెట్టుకుని అదే జీపులో వెళ్ళిపోయారు.

పోయిన ఏడు వరద ఆ చదును అంచు దాకా వచ్చింది. మూటలు వేశాం. మాస్టారు చెప్పినట్టే మూటల కిందనుంచి నీళ్ళు కన్నీళ్ళలా కారుతూ మెట్ల మీంచి మా వీధిలోకి దిగాయి. మూటల మీద మూటలు వేసి, ఆడవాళ్ళం కూడా నడుములు పడిపోయేలా మోశాం. అదృష్టం, మర్నాటికి ఏరు తీసి నీళ్ళు దిగిపోయాయి. తీయగానే అందరూ మర్చిపోయారు. అమ్మవారే కాసింది అన్నారు. మాస్టారు కూడా, "కాసింది, కాదనను. ప్రతి ఏడూ ఆవిడ మీదే వేస్తామా?" అన్నారు నాతో.

ఈ ఏడు ఆయన గుండె నీరసించింది. కాళ్ళు వాచాయి. ఆయాసం. అమలాపురం తీసుకెళ్తే ఊపిరితిత్తుల చుట్టూ నీరు చేరిందని చెప్పి ఫొటో తీశారు. డాక్టరు గారు ఆ ఎక్స్‌రేని వెలుతురుకి పెట్టి చూపించారు. కింద తెల్లగా ఉన్నది నీరు, పైన నల్లగా ఉన్నది గాలి ఆడే చోటు. రెంటికీ మధ్య గీత. మాస్టారు ఆ గీత వంకే చూస్తున్నారు. "డాక్టరు గారండీ, ఈ పైన మిగిలిందానికి మీ వైద్యంలో ఏమంటారండీ?" అని అడిగారు. డాక్టరు గారికి అర్థం కాలేదు. దానికి ప్రత్యేకం పేరేమీ లేదండి అన్నారు. "ఉండాలండి. ఉంటే బాగుండును" అన్నారు మాస్టారు. బయటికి వచ్చాక నాకు ఏడుపొచ్చి, కారు దగ్గర నిలబడి ముక్కు చీదుకుంటూ తిట్టాను. ఇప్పుడు కూడా ఆ గోలేనా మాస్టారూ అని. ఆయన నా భుజం తట్టి, "ఎందుకమ్మా ఏడుస్తావు, ఇంకా ఉంది కదా" అన్నారు.

కాకినాడలో ఓసారి నీరు తీయించారు. మళ్ళీ చేరింది. మళ్ళీ వెళ్దామంటే ససేమిరా అన్నారు. రాజమండ్రిలో ఉన్న కూతురు వచ్చి కాళ్ళు పట్టుకుంది. కదల్లేదు. ఆ పిల్ల ఏడుస్తూ వెళ్ళిపోయాక నేను ఆయన మీద విరుచుకుపడ్డాను. ఎందుకింత మొండితనం, ఎవరిని సాధించడానికి, అని. ఆయన పిన్నిగారిని కూడా పిలిచి కూర్చోబెట్టారు. ఒక్కో మాటకీ ఊపిరి తీసుకుంటూ చెప్పారు.

"ఆసుపత్రిలో పోతే అమ్మాయి నన్ను అటునుంచటే రాజమండ్రి తీసుకుపోతుంది. నేను ఇక్కడే పోవాలమ్మా. పోయాక నన్ను అమ్మవారి దారిన ఏటికి తీసుకెళ్ళాలి. నువ్వు చెప్పాలి."

నేను లేచి నిలబడ్డాను. "మతి పోయిందా మాస్టారూ మీకు! శవాన్ని అమ్మవారి దారిన తీసుకెళ్తారా ఎవరన్నా? ఊరికి అరిష్టం కాదూ?"

"అరిష్టమేనమ్మా. అందుకే. ఒకసారి శవం దిగిన దారిలో గరగ దిగదు. గరగ దిగని దారికి మట్టి పోస్తే ఎవరడ్డు?"

పిన్నిగారు తల వంచుకుని ఉన్నారు. ఆవిడకి ముందే చెప్పినట్టున్నారు. నమ్మకం లేని మనిషైతే ఆ మాట అనడం తేలిక. ఆయన జాతర మూడ్రోజులూ చెప్పులు వేసుకోని మనిషి.

"నాకు మాత్రం భయం లేదనుకున్నావా?" అన్నారు. "రోజూ అమ్మవారికి దణ్ణం పెట్టుకునే చెబుతున్నాను. కోపం వస్తే నా మీద చూపించమ్మా, వీధి మీద చూపించకు అని. వరద రాకముందే నేను పోతే బాగుండును. మట్టి బిగుసుకోవాలి కదా."

ఆ తరవాత ఆయన పోవడానికి ఎన్నాళ్ళో పట్టలేదు. ఆ రోజులు ఎలా గడిచాయో చెప్పలేను. పొద్దున్నే లేచి ఎదురింటి వైపు చూసేదాన్ని. పిన్నిగారు ముగ్గు వేస్తుంటే హమ్మయ్య అనుకునేదాన్ని. పైన భద్రాచలంలో వాన పడుతోందని టీవీలో చెబితే వెళ్ళి ఆ మెట్ల వంక చూసొచ్చేదాన్ని. ఆయన బతకాలనీ ఉంది, దారి మూతపడాలనీ ఉంది. ఈ రెండూ ఒకే మనసులో ఉంటే మనిషి ఏమైపోతుందో మీరే ఊహించుకోండి.

ఆయన పోయిన రోజు మధ్యాహ్నం, కూతురు వచ్చేక పాడె లేచింది. మా ఊళ్ళో వల్లకాడికి వెళ్ళాలంటే వీధి చివర రేవు దాకా వెళ్ళి, అక్కడ గట్టెక్కి, ఏటి వైపు దిగాలి. అమ్మవారి దారి దానికి ముందే వస్తుంది. ముందు కర్ర మా ఆయన మోస్తున్నాడు. ఆడవాళ్ళం అంత దూరం వెళ్ళే ఆచారం లేదు. నేను వెళ్ళాను. మెట్ల దగ్గరికి రాగానే, "ఇటు తిప్పండి. ఇది మాస్టారి కోరిక" అని అరిచాను. నా గొంతు నాకే వికారంగా వినపడింది. డప్పు ఆగిపోయింది.

ప్రెసిడెంటు గారు వెనకనుంచి వచ్చారు. "ఏంటమ్మా ఇది? చదువుకున్నదానివి, తెలిసే అంటున్నావా? అమ్మవారి దారమ్మా!"

"తెలిసే అంటున్నానండి. ఆయనే చెప్పేరండి."

"ఆయన చెప్పేరని ఊరికి కీడు తెస్తామా? ఏయ్, నడవండ్రా ముందుకి."

నన్ను దాటుకుని నాలుగడుగులు వేశారు కూడా. అప్పుడు పిన్నిగారు వచ్చారు. ఇంటిదగ్గర ఉండాల్సిన మనిషి, నలుగురు ఆడవాళ్ళు పట్టుకున్నా విడిపించుకుని, చెప్పుల్లేకుండా నడుచుకుంటూ వచ్చి పాడెకి ఎదురుగా నిలబడ్డారు. ఆవిడ పెద్దగా మాట్లాడగా నేనెప్పుడూ వినలేదు, అప్పుడూ పెద్దగా మాట్లాడలేదు. "బాబూ, ఇటు తీసుకెళ్ళండి. పాపమేదన్నా ఉంటే నాకు" అన్నారు.

"ఊరి సంగతండీ అమ్మగారూ" అన్నారు ప్రెసిడెంటు గారు, చేతులు జోడించి.

"ఊరి కోసమేనండి" అన్నారావిడ.

పాడెని ఎక్కడపడితే అక్కడ దించకూడదు. మోసేవాళ్ళ భుజాలు కుంగుతున్నాయి. అందరూ ఒకరి ముఖం ఒకరు చూసుకుంటున్నారు. మా ఆయన ఊళ్ళో ఎవరికీ ఎదురు చెప్పే మనిషి కాదు, ఇంట్లో నాకు తప్ప. తల దించుకుని, భుజం మీద కర్ర సర్దుకుని, కాలు మెట్టు మీద పెట్టాడు. వెనకవాళ్ళు కూడా తిరగక తప్పలేదు. కుంకం బొట్లున్న మెట్ల మీంచి ఎక్కి, ఆ చదును దాటి, అటు దిగారు. ఎంత నున్నగా కట్టారో ఆ మెట్లు! పాడె కాస్త కూడా కుదుపు లేకుండా వెళ్ళింది. వీధిలో ఒక ముసలావిడ, "అమ్మో, అమ్మో" అని చెంపలు వేసుకుంటోంది. నేను కూడా వేసుకున్నాను.

ఆ సాయంత్రం నుంచి మాతో మాట్లాడేవాళ్ళు తగ్గిపోయారు. రెండిళ్ళవతల పిల్లకి జ్వరం వస్తే, వాళ్ళమ్మ నా గుమ్మం వైపు చూసి ఉమ్మేసింది. నాకు కోపం రాలేదు. ఆ పిల్ల జ్వరం తగ్గేదాకా నేనూ నిద్రపోలేదు. చేసింది మంచో చెడో నాకు తెలిస్తే కదా! ఏరు రోజురోజుకీ ఎర్రబడుతోంది, దారి ఇంకా అలాగే తెరుచుకుని ఉంది.

కమిటీ కూర్చుంది. పసుపునీళ్ళు చల్లి, శాంతి చేసి, దారిని శుద్ధి చేద్దామని ప్రెసిడెంటు గారు అన్నారు. అంతా ఆయ్, అలాగేనండి అన్నారు. నా పై ప్రాణాలు పైనే పోయాయి. అంతా వృథాయేనా? అప్పుడు గరగ ఎత్తే పెద్దాయన లేచారు. ఆయన సభల్లో మాట్లాడే మనిషి కాదు.

"మీరేం చల్లుకున్నా చల్లుకోండి. అమ్మని నెత్తిన పెట్టుకుని శవం దిగిన మెట్టు మీద నేను కాలు పెట్టనండి. నా కొడుకూ పెట్టడు. వేరే దారి చూడండి. ఇది మూసెయ్యండి."

ఆయన లేకపోతే గరగ లేదు. ఆయన ఆ మాట భయంతో అన్నారో, మాస్టారి మనసు తెలిసి అన్నారో నాకు తెలియదు. అడిగే ధైర్యం లేదు. మర్నాడు మెట్లు పగలగొట్టారు. బంకమట్టి ట్రాక్టర్లు వచ్చాయి. మాస్టారి దగ్గర చదువుకున్న కాంట్రాక్టరు ఒకాయన దగ్గరుండి, పొర పొరకీ తడిపి, కొట్టించి, పాత గట్టు కంటే కాస్త ఎత్తే లేపించాడు. పని మొదలుపెట్టేముందు పెద్దాయన అక్కడ నిమ్మకాయ కోసి, "తల్లీ, నీకు వేరే దారి వేస్తాం, కోపగించుకోకు" అని మొక్కారు. పక్కన నిలబడి నేనూ అదే మొక్కాను.

పెద్దకార్యం అయిన వారంలోనే ధవళేశ్వరంలో హెచ్చరికలు మొదలయ్యాయి. మొదటిది, రెండోది. చివరిదైన మూడోది కూడా ఇచ్చేశారు. ఈ స్మృతి నేను మా ఇంట్లో కూర్చుని మొదలుపెట్టాను, చివరి మాటలు గట్టు మీద నిలబడి ఫోనులో రాస్తున్నాను. పిల్లల్నీ ముసలివాళ్ళనీ నిన్ననే హైస్కూలుకి పంపేశాం. ఏటి నడుమ లంకలు కనపడటం లేదు. గుర్రపుడెక్కా, కొబ్బరి మట్టలూ, ఎవరిదో పశువుల పాక కప్పూ కొట్టుకుపోతున్నాయి. కొత్త మట్టి దగ్గరే అందరం నిలబడి ఉన్నాం. పాత చదును ఎక్కడ ఉండేదో నాకు బాగా గుర్తు. దాని కంటే ఇప్పుడు అటువైపు నీళ్ళు పైనే ఉన్నాయి. ఈ మట్టి లేకపోతే నిన్న మధ్యాహ్నానికే మా వీధి లేదు. ఉమ్మేసిన ఆవిడ వచ్చి నా పక్కనే నిలబడింది. మట్టి తడిసి నల్లబడింది గానీ, ఎక్కడా చెమ్మ ఇటు దిగలేదు.

ఇవాళ పొద్దున పిన్నిగారు వచ్చారు. పాడెకి ఎదురొచ్చిన రోజు తరవాత ఆవిడ గడప దాటడం ఇదే మొదలు. ఎవరూ వద్దనలేదు, పక్కకి జరిగి దారిచ్చారు. ఆవిడ గట్టు తల మీద చతికిలబడి, ఏటి వైపు వంగి, బొటనవేలు గట్టు అంచుకి ఆనించి, అరచెయ్యి కిందికి చాపి కొలిచారు. చిటికెనవేలి కొస నీళ్ళకి తగిలింది.

"జానెడుందమ్మాయ్" అన్నారు.

వీధిలో మైకు ఆటో అరుచుకుంటూ వెళుతోంది, పైనుంచి ఇంకా నీళ్ళు వదులుతున్నారని. పిన్నిగారు చెయ్యి తియ్యలేదు. నేను పక్కన కూర్చుని ఆ వేళ్ళనే చూస్తున్నాను. ఉంగరంవేలు కూడా తడిసింది.